యాప్ ఎక్కడ ఆగిపోయింది? ‘పెండింగ్’ వెనక అసలు కారణాలు

క్లుప్తంగా: యాప్ డౌన్‌లోడ్ కాకపోవడం ఒక జబ్బు కాదు, చాలా జబ్బులకు ఉమ్మడి లక్షణం. ఖాతా, ఫోన్ వెర్షన్, నెట్, స్టోరేజ్, చివరికి ఇన్‌స్టాల్ అనే వరసలో అది ఎక్కడైనా ఆగవచ్చు. స్క్రీన్ మీద కనిపించే మాటను శ్రద్ధగా చదివితే ఎక్కడ ఆగిందో చాలావరకు తెలిసిపోతుంది. అది తెలియకుండా ఫోన్ రీసెట్ చేయడం, వాట్సాప్‌లో వచ్చిన ఏపీకే ఫైల్ (ప్లే స్టోర్ బయట తిరిగే యాప్ ఫైల్) ఎక్కించుకోవడం అసలు ఇబ్బంది కంటే పెద్ద నష్టం తెస్తాయి.

శ్రీకాకుళం ఏడు రోడ్ల కూడలిలోనైనా, విజయనగరం గంటస్తంభం దగ్గరైనా మొబైల్ షాపు ముందు కాసేపు నిలబడితే చాలు, "యాప్ ఎక్కట్లేదు బాబూ, ఓసారి చూడు" అనే మాట వినిపిస్తుంది. ఫోన్ చేతికిచ్చిన మనిషికి తెలిసింది ఒక్కటే: ఇన్‌స్టాల్ నొక్కితే గుండ్రం తిరుగుతోంది, యాప్ రావడం లేదు. షాపులో చేసేది కూడా చాలాసార్లు ఒక్కటే: ఫోన్ ఆపి మళ్లీ ఆన్ చేయడం, కాకపోతే మొత్తం రీసెట్ కొట్టడం.

ఆట యాప్ ఒకటి రాకపోతే కొంపేమీ మునగదు. కానీ ఇప్పుడు ఫోన్‌లోకి వచ్చేవి ఆటలు మాత్రమే కాదు. పీఎం కిసాన్ ఈకేవైసీని ముఖం చూపించి ఇంట్లోనే పూర్తి చేసుకునే వీలు 2023 జూన్‌లో ఆ యాప్‌లో వచ్చింది. కేంద్ర పింఛనుదారులు ఏటా నవంబరులో ఇచ్చే లైఫ్ సర్టిఫికెట్‌కు కూడా 2021 నుంచి ఇలాంటి సౌకర్యం ఉంది. కరెంటు బిల్లు, రైలు టికెట్, బ్యాంకు పని అన్నీ యాప్ మీదికే వచ్చాయి. చీపురుపల్లి దగ్గర రైతుకో, టెక్కలిలో రిటైరైన ఉద్యోగికో యాప్ ఎక్కకపోవడం అంటే డబ్బు ఆగడమే. టెన్షన్ పడడంలో తప్పు లేదు.

ఇన్‌స్టాల్ నొక్కాక జరిగేది

ఆ బటన్ నొక్కగానే ఫైల్ నేరుగా ఫోన్‌లోకి రాదు. ముందుగా ప్లే స్టోర్ గూగుల్ సర్వర్‌కు నాలుగు సంగతులు చెబుతుంది: ఏ ఖాతా, ఏ ఫోన్, ఏ ఆండ్రాయిడ్ వెర్షన్, ఏ దేశం. ఈ నాలుగూ సరిపోతేనే సర్వర్ ఆ ఫోన్‌కు తగిన ప్యాకెట్ తయారు చేసి పంపుతుంది. 2021 ఆగస్టు నుంచి కొత్త యాప్‌లన్నీ ఈ పద్ధతిలోనే రావాలని గూగుల్ నియమం పెట్టింది. అందుకే ఒకే యాప్ అన్న ఫోన్‌లో 40 ఎంబీ, తమ్ముడి ఫోన్‌లో 55 ఎంబీ చూపించవచ్చు.

ప్యాకెట్ దిగాక దాని మీద యాప్ తయారీదారు డిజిటల్ సంతకం సరిగా ఉందో లేదో ఫోన్ చూస్తుంది. ఆ తర్వాత విప్పుతుంది. విప్పినదాన్ని తన చిప్‌కు తగ్గట్టు సర్దుకుంటుంది. గుండ్రం పూర్తిగా నిండి, 100 శాతం చూపించి కూడా ‘ఇన్‌స్టాలింగ్’ దగ్గరే నిలబడిపోయిందంటే నెట్ తప్పు కాదు. ప్యాకెట్ వచ్చేసింది, విప్పే దగ్గర చిక్కు పడింది. అక్కడ వైఫై మార్చినా, సిమ్ మార్చినా ఉపయోగం లేదు. ఈ ఒక్క తేడా తెలిస్తేనే సగం తిప్పలు తప్పుతాయి.

నిండిపోయిన ఫోన్

ఎక్కువగా కనిపించే కారణం ఇదే. 50 ఎంబీ యాప్‌కు 60 ఎంబీ ఖాళీ ఉంది కదా, ఎందుకు ఎక్కదని చాలామంది అడుగుతారు. వరి పంటతో పోల్చి చూస్తే సులువుగా అర్థమవుతుంది. గాదెలో పట్టేంత ధాన్యమే అయినా, ముందు కళ్లంలో కుప్ప వేసి నూర్చడానికి అంతకు మించిన చోటు కావాలి. యాప్ కూడా అంతే. వచ్చిన ప్యాకెట్‌కు చోటు, విప్పిన ఫైళ్లకు చోటు, సర్దుకునేటప్పుడు పుట్టే తాత్కాలిక ఫైళ్లకు చోటు కావాలి. పాత యాప్ అప్‌డేట్ అవుతున్నప్పుడైతే కొత్తది పూర్తిగా కుదురుకునేదాకా పాతది కూడా అక్కడే ఉంటుంది. కనీసం ఒక జీబీ ఖాళీ ఉంచుకోవాలనే సలహా వెనక ఉన్న లెక్క ఇది.

32 జీబీ ఫోన్ అంటే 32 జీబీ మనదే అనుకోవడానికి లేదు. అందులో పెద్ద భాగం ఫోన్ సిస్టమ్, కొన్నప్పుడే ఉన్న యాప్‌లు తీసేసుకుంటాయి. మిగిలింది నింపేది ఎక్కువగా వాట్సాప్. ఇంటి గ్రూపు, ఊరి గ్రూపు, స్కూలు గ్రూపు, గుడి కమిటీ గ్రూపు అని నాలుగు గ్రూపులుంటే, ప్రతి ఉదయం వచ్చే శుభోదయం బొమ్మలు, పండగ వీడియోలు అడక్కుండానే గ్యాలరీలో చేరుతుంటాయి. ఒకే వీడియో మూడు గ్రూపుల్లో వస్తే మూడుసార్లు చేరవచ్చు. మనం పంపిన వీడియోల నకళ్లు కూడా విడిగా ‘సెంట్’ ఫోల్డర్‌లో ఉండిపోతాయి. వాట్సాప్ సెట్టింగ్స్‌లో ‘స్టోరేజ్ అండ్ డేటా’ తెరిచి, ‘మేనేజ్ స్టోరేజ్’ నొక్కితే ఏ గ్రూపు ఎంత మింగిందో పెద్దది మొదలుకుని వరసగా కనిపిస్తుంది. 5 ఎంబీ దాటిన ఫైళ్లు విడిగా ఉంటాయి. పదంటే పది నిమిషాలు అక్కడ కూర్చుంటే చాలా ఫోన్లలో రెండు మూడు జీబీలు ఖాళీ అవుతాయి. అదే పేజీలో ఆటో డౌన్‌లోడ్ ఆపేస్తే మళ్లీ అంత త్వరగా నిండదు.

"మెమరీ కార్డు వేశాం, అయినా చోటు లేదంటోంది" అనే ఫిర్యాదుకు జవాబు కూడా ఇక్కడే ఉంది. నేటి ఫోన్లలో దాదాపు అన్ని యాప్‌లూ లోపలి స్టోరేజ్‌లోనే కూర్చుంటాయి. 64 జీబీ కార్డు వేసినా అది ఫొటోలకు, పాటలకు, వీడియోలకు పనికొస్తుంది తప్ప యాప్‌కు చోటివ్వదు. ఫొటోలను కార్డులోకి మారిస్తే లోపల ఖాళీ అవుతుంది, అప్పుడు యాప్ ఎక్కుతుంది. కార్డు చేసే మేలు ఇలా చుట్టుతిరిగి వస్తుంది.

బార్లు నిండుగా, నెట్ నెమ్మదిగా

స్క్రీన్ పైన నాలుగు బార్లు ఉన్నాయంటే టవర్ సిగ్నల్ బలంగా అందుతోందని అర్థం. ఆ టవర్ ఎంత ఖాళీగా ఉందో బార్లు చెప్పవు. ఊరి ట్యాంకు నిండుగా ఉన్నా వీధి కుళాయిలన్నీ ఒకేసారి తిప్పితే ధార సన్నబడినట్టే ఇదీ. దసరా తర్వాత మంగళవారం విజయనగరంలో పైడితల్లి అమ్మవారి సిరిమానోత్సవం రోజున, రథసప్తమికి అరసవల్లిలో ఇదే జరుగుతుంది. లక్షల ఫోన్లు అవే కొన్ని టవర్లను పంచుకుంటాయి. మెసేజ్ ఎలాగోలా వెళ్తుంది, 80 ఎంబీ యాప్ మాత్రం కదలదు. మామూలు రోజుల్లో రాత్రి ఏడు నుంచి పది వరకు చిన్న ఎత్తున ఇదే పరిస్థితి. తెల్లవారుజామున ప్రయత్నిస్తే అదే ఫోన్, అదే సిమ్, అదే చోట నిమిషంలో పని అయిపోతుంది.

రోజుకు ఇంత అని డేటా ఇచ్చే ప్లాన్లలో మరో చిక్కు ఉంది. ఆ రోజు వాటా అయిపోతే నెట్ పూర్తిగా ఆగదు. చాలా ప్లాన్లలో వేగం 64 కేబీపీఎస్‌కు పడిపోతుంది. 64 కిలోబిట్లు అంటే సెకనుకు 8 కిలోబైట్లు. ఆ లెక్కన 60 ఎంబీ యాప్ దిగడానికి 7,500 సెకన్లు, అంటే రెండు గంటలకు పైనే పడుతుంది. మధ్యలో ఒక్కసారి తెగితే ఇంకా ఆలస్యం. మధ్యాహ్నం పిల్లలు వీడియోలు చూసిన ఫోన్‌లో సాయంత్రం యాప్ ‘తిరుగుతూనే’ ఉండడానికి తరచూ ఇదే కారణం. వాటా సాధారణంగా అర్ధరాత్రి దాటాక మళ్లీ మొదలవుతుంది. ఇంట్లో ఇంకొకరి ఫోన్ హాట్‌స్పాట్ పెట్టుకున్నా సరిపోతుంది.

ఇచ్ఛాపురం, కవిటి వైపు ఉన్నవారికి సరిహద్దు సమస్య అదనం. ఫోన్ ఒక్కోసారి ఒడిశా వైపు టవర్‌ను పట్టుకుంటుంది. డేటా రోమింగ్ ఆఫ్‌లో ఉంటే కొన్ని ఫోన్లలో కాల్స్ వస్తాయి గానీ నెట్ రాదు. దేశం లోపలే కాబట్టి రోమింగ్ ఆన్ చేసినా సాధారణంగా అదనపు ఖర్చు ఉండదు.

తుపానుల జిల్లా కాబట్టి ఇంకొక మాట. 2018 అక్టోబరులో తిత్లీ పలాస దగ్గర తీరం దాటినప్పుడు కరెంటుతో పాటు సెల్ నెట్‌వర్క్ కూడా ఉద్దానంలో చాలాచోట్ల పడిపోయింది. పిడుగుల హెచ్చరికకు దామిని, రైతులకు వాతావరణ సూచనలకు మేఘదూత్ లాంటి యాప్‌లు గాలి మొదలయ్యాక వెతుక్కునేవి కావు.

వరసలో నిలబడ్డ యాప్

‘డౌన్‌లోడ్ పెండింగ్’ అని వస్తే చాలాసార్లు ఏదీ పాడవలేదు. ప్లే స్టోర్ యాప్‌లను వరస ప్రకారం దించుతుంది. నెల రోజులు వాడని ఫోన్‌ను వైఫైకి కలపగానే ముప్పై యాప్‌ల అప్‌డేట్లు ఒక్కసారి మొదలవుతాయి. మనకు కావలసింది వాటి వెనక నిలబడుతుంది. ప్లే స్టోర్‌లో పైన కుడివైపు ఉన్న మన బొమ్మ నొక్కి, ‘మేనేజ్ యాప్స్ అండ్ డివైస్’ తెరిచి, జరుగుతున్న అప్‌డేట్లను ఆపేస్తే ముందుగా మనది దిగుతుంది.

‘వెయిటింగ్ ఫర్ వైఫై’ అని ఉంటే అది సెట్టింగ్ సంగతి. ప్లే స్టోర్ సెట్టింగ్స్‌లో ‘నెట్‌వర్క్ ప్రిఫరెన్సెస్’ కింద యాప్ డౌన్‌లోడ్‌ను వైఫైకి మాత్రమే పరిమితం చేసి ఉంటారు. ‘ఏ నెట్‌వర్క్ అయినా’ అని మారిస్తే మొబైల్ డేటాతోనూ దిగుతుంది. డేటా సేవర్, బ్యాటరీ సేవర్ ఆన్‌లో ఉన్నా ఫోన్ జేబులో పెట్టగానే డౌన్‌లోడ్ ఆగవచ్చు. ప్రకటనలు రాకుండా చేస్తుందని యూట్యూబ్ చూసి ‘ప్రైవేట్ డీఎన్‌ఎస్’లో ఏదో చిరునామా రాసుకున్నవారు, వీపీఎన్ వాడేవారు వాటిని కాసేపు ఆపి చూడాలి. ఆ చిరునామా పనిచేయకపోతే ఫోన్‌కు గూగుల్ సర్వర్ ఎక్కడుందో కూడా తెలియదు.

పెట్టెలో పడేసిన పాత ఫోన్‌ను మళ్లీ తీసినప్పుడు తేదీ చూడడం ముఖ్యం. బ్యాటరీ పూర్తిగా దిగిపోయిన ఫోన్ ఒక్కోసారి ఎన్నో ఏళ్ల వెనకటి తేదీతో లేస్తుంది. సర్వర్ చూపించే భద్రతా ధ్రువపత్రానికి మొదలు తేదీ, చివరి తేదీ ఉంటాయి. ఫోన్ తేదీ తప్పయితే ఆ పత్రం చెల్లదని ఫోన్ అనుకుంటుంది, తలుపు తియ్యదు. తేదీ, సమయం ‘ఆటోమేటిక్’ అని పెడితే అక్కడితో సరి.

గల్ఫ్ నుంచి వచ్చిన ఖాతా

ఉద్దానం ఊళ్ల నుంచి గల్ఫ్ దేశాలకు, సింగపూర్‌కు పనికి వెళ్లి వచ్చేవారు చాలామంది. వారికి మాత్రమే ఎదురయ్యే చిక్కు ఒకటుంది. ఫోన్ బాగానే ఉంటుంది, నెట్ బాగానే ఉంటుంది, ఇక్కడి యాప్ వెతికితే మాత్రం ‘మీ దేశంలో అందుబాటులో లేదు’ అని వస్తుంది. ప్లే స్టోర్ ఖాతాకు ఒక దేశం ఉంటుంది. అది సిమ్ మార్చినంత మాత్రాన మారదు. అక్కడ ఉన్నప్పుడు ఖాతా ఆ దేశం కింద నమోదైతే ఇక్కడికి వచ్చాక కూడా అలాగే ఉండవచ్చు.

ప్లే స్టోర్ సెట్టింగ్స్‌లో ఖాతా వివరాల దగ్గర దేశం మార్చుకునే వీలు ఉంది, కానీ ఏడాదికి ఒక్కసారే. పాత దేశంలో ప్లే బ్యాలెన్స్ మిగిలి ఉంటే అది ఇక్కడ పనికిరాదు. రెండు మూడు నెలల సెలవుకు వచ్చినవారు మార్చుకుంటే తిరిగి వెళ్లాక అక్కడి యాప్‌లకు ఇదే ఇబ్బంది మొదలవుతుంది. వారికి తేలిక దారి, ఇక్కడి సిమ్, ఇక్కడి నెట్‌తో ఇంకో గూగుల్ ఖాతా తెరిచి అదే ఫోన్‌లో జత చేసుకోవడం. ప్లే స్టోర్‌లో ఖాతా మార్చి యాప్ దించుకోవచ్చు. పాతది చెక్కుచెదరదు.

పాస్‌వర్డ్ ఎవరికి తెలుసు?

ఫోన్ కొన్న రోజున షాపు కుర్రాడే జీమెయిల్ తెరిచి ఇవ్వడం మన దగ్గర మామూలు. ఆ ఖాతా పేరేమిటో, పాస్‌వర్డ్ ఏమిటో ఫోన్ సొంతదారుకు తెలియదు. అంతా సాగుతున్నంత కాలం ఇబ్బంది లేదు. ఖాతా మళ్లీ లాగిన్ అడిగిన రోజు ప్లే స్టోర్ తెరుచుకోదు.

అసలు ప్రమాదం ఇక్కడే. విసిగిపోయి ఎవరో ఫోన్ మొత్తం రీసెట్ చేస్తారు. ఆండ్రాయిడ్ 5.1 నుంచి దొంగతనం అడ్డుకోవడానికి ఒక తాళం ఉంది: సెట్టింగ్స్ తెరవకుండా బయటి బటన్లతో రీసెట్ చేసిన ఫోన్ మళ్లీ లేవాలంటే అంతకుముందు ఉన్న గూగుల్ ఖాతా పాస్‌వర్డ్ గానీ, పాత స్క్రీన్ లాక్ గానీ అడుగుతుంది. ఖాతా వివరాలు తెలియనివారికి ఒక యాప్ ఎక్కని ఫోన్ కాస్తా, ఏదీ ఎక్కని ఫోన్‌గా మారుతుంది. ఫొటోలు పోతాయి, కాంటాక్టులు పోతాయి. రీసెట్ అన్నది అన్నిటికంటే చివర రావలసిన మాట. సెట్టింగ్స్‌లో ఖాతా పేరు చూసి, పాస్‌వర్డ్ కొత్తగా పెట్టుకుని, పుస్తకంలో రాసుకుని ఇంట్లో దాచుకోవడం దానికి ముందు జరగాలి.

కాష్ వేరు, డేటా వేరు

రీసెట్ కంటే ముందు చేయదగ్గ పని చిన్నదే. సెట్టింగ్స్‌లో యాప్స్, అందులో గూగుల్ ప్లే స్టోర్, అందులో స్టోరేజ్ తెరిస్తే ‘క్లియర్ కాష్’, ‘క్లియర్ డేటా’ అని రెండు ఉంటాయి. కాష్ అంటే త్వరగా పనయ్యేందుకు పక్కన దాచుకున్న చిత్తు. అది సగంలో చెడిపోతే డౌన్‌లోడ్ అదే చోట మళ్లీ మళ్లీ ఆగుతుంది. తీసేస్తే నష్టం ఏమీ లేదు. సరిపోకపోతే ప్లే స్టోర్ డేటా కూడా తీసేయవచ్చు. ఫోన్‌లో ఉన్న యాప్‌లు పోవు, ప్లే స్టోర్ సొంత సెట్టింగ్స్ మాత్రమే మొదటికొస్తాయి.

ఇదే పని వాట్సాప్ మీద చేస్తే కథ వేరు. వాట్సాప్‌లో ‘క్లియర్ డేటా’ నొక్కితే బ్యాకప్ లేని చాట్లు తిరిగి రావు. ప్లే స్టోర్‌కు చెప్పిన మందు పొరపాటున వాట్సాప్‌కు వేసి, చనిపోయిన తండ్రి గొంతు ఉన్న వాయిస్ మెసేజ్‌లు పోగొట్టుకుంటే వాటిని ఏ షాపూ తెచ్చివ్వలేదు. నొక్కే ముందు పైన ఏ యాప్ పేరుందో చూడాలి.

దిగినా కనిపించని యాప్ కూడా ఉంది. ముఖం చూపించే ఈకేవైసీకి ఆధార్ ఫేస్ ఆర్‌డీ అనే తోడు యాప్ అవసరం. అది వెనక ఉండి పనిచేసేది. స్క్రీన్ మీద దానికి గుర్తు ఉండదు. ఎక్కలేదనుకుని పదిసార్లు ప్రయత్నించడం ఇక్కడ మామూలు. ప్లే స్టోర్‌లో దాని పేజీ తెరిస్తే ‘అన్‌ఇన్‌స్టాల్’ అని కనిపిస్తే ఎక్కినట్టే.

ఐఫోన్‌లో చిక్కు దారి వేరు. అక్కడ ఉచిత యాప్ నొక్కినా ‘వెరిఫికేషన్ రిక్వైర్డ్’ అని ఆగడం తరచూ చెల్లింపు వివరాల వల్ల. 2022లో ఆపిల్ మన దేశంలో యాప్ స్టోర్‌కు డెబిట్, క్రెడిట్ కార్డులు తీసుకోవడం ఆపేసింది. ఖాతాలో పాత కార్డు ఉంటే తీసి యూపీఐ పెట్టుకోవాలి, లేదా ‘నన్’ (ఏదీ లేదు) ఎంచుకోవాలి.

ఏపీకే అనే అడ్డదారి

ప్లే స్టోర్ రెండుసార్లు మొరాయించాక "ఇదిగో, దీన్ని నొక్కు, నేరుగా ఎక్కుతుంది" అని వాట్సాప్‌లో వచ్చే ఫైల్ ఏపీకే. ఆండ్రాయిడ్ యాప్ రూపం అదే, దానంతట అది నేరం కాదు. అయితే ప్లే స్టోర్ చేసే తనిఖీ దానికి ఉండదు. ట్రాఫిక్ చలానా, పీఎం కిసాన్, బ్యాంకు కేవైసీ, చివరికి పెళ్లి శుభలేఖ పేరుతో కూడా తెలుగు రాష్ట్రాల్లో ఇలాంటి నకిలీ ఫైళ్లు తిరిగాయి. ఎక్కగానే అవి అడిగేది ఎస్ఎంఎస్ చదివే అనుమతి. ఇస్తే బ్యాంకు ఓటీపీ మనకంటే ముందు వాళ్లకు చేరుతుంది.

ఫోన్ దీన్ని ఊరికే వదిలేయదు. 2017లో వచ్చిన ఆండ్రాయిడ్ 8 నుంచి బయటి యాప్ ఎక్కించాలంటే ఏ యాప్ ద్వారా వస్తోందో దానికి విడిగా అనుమతి ఇవ్వాలి. ఎస్ఎంఎస్ లాంటి సున్నితమైన అనుమతులు అడిగే బయటి యాప్‌లను నేరుగా అడ్డుకునే ఏర్పాటును గూగుల్ తన ‘ప్లే ప్రొటెక్ట్’ రక్షణలో భాగంగా 2024లో మన దేశంలో ప్రయోగాత్మకంగా మొదలుపెట్టింది. అందుకే మోసగాళ్లు ఫోన్‌లో మాట్లాడుతూనే "ప్లే ప్రొటెక్ట్ ఆఫ్ చేయండి" అంటారు. ఏ బ్యాంకూ, ఏ సర్కారు ఆఫీసూ ఆ మాట అడగదు. ఆ మాట వినగానే ఫోన్ పెట్టేయాలి. ఇప్పటికే ఎక్కించి ఉంటే నెట్ ఆపి, వేరే ఫోన్‌తో బ్యాంకుకు, సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి వెంటనే చెప్పాలి. గంటలు గడిచేకొద్దీ డబ్బు చేతులు మారుతుంది.

నిజమైన ఏపీకే అయినా ‘యాప్ నాట్ ఇన్‌స్టాల్డ్’ అని ఆగవచ్చు. ఫోన్‌లో అదే పేరుతో ఉన్న యాప్ సంతకం, కొత్త ఫైల్ సంతకం కలవకపోతే ఆండ్రాయిడ్ ఒప్పుకోదు. అది లోపం కాదు, రక్షణ.

ముందు ముందు ఈ దారి ఇంకా ఇరుకవుతుంది. యాప్ తయారీదారు తానెవరో రుజువు చేసుకుంటేనే ఏ యాప్ అయినా ఫోన్‌లో ఎక్కేలా నిబంధన తెస్తున్నట్టు గూగుల్ 2025 ఆగస్టులో ప్రకటించింది. 2026 సెప్టెంబరులో బ్రెజిల్, ఇండోనేషియా, సింగపూర్, థాయిలాండ్‌లతో మొదలై, 2027 నుంచి మిగతా దేశాలకు వస్తుందని చెప్పింది. బాగా తెలిసినవారికి వేరే దారి ఉంచుతామని తర్వాత వివరణ ఇచ్చింది. సింగపూర్‌లో పనిచేసే మనవాళ్లకు ఇది ముందే ఎదురవుతుంది.

ఏం చేసినా ఎక్కని ఫోన్

‘మీ ఫోన్‌కు ఇది సరిపడదు’ అని వస్తే కాష్ తీసినా, రీసెట్ చేసినా ఫలితం ఉండదు. యాప్ అడిగే ఆండ్రాయిడ్ వెర్షన్ ఆ ఫోన్‌లో లేదు. 2013లో వచ్చిన కిట్‌క్యాట్‌కు గూగుల్ తన ప్లే సర్వీసెస్ అప్‌డేట్లు 2023 ఆగస్టు నుంచి ఆపేసింది. తర్వాతి పాత వెర్షన్లను కూడా బ్యాంకు యాప్‌లు ఒక్కొక్కటిగా వదిలేస్తున్నాయి. సెట్టింగ్స్‌లో ‘అబౌట్ ఫోన్’ కింద వెర్షన్ చూసుకుంటే వృథా ప్రయత్నం తప్పుతుంది.

అప్పుడు యాప్‌ను వదిలి పనిని పట్టుకోవడం మేలు. చాలా యాప్‌ల పని ఫోన్ బ్రౌజర్‌లో ఆ సంస్థ వెబ్‌సైట్ తెరిచి చేసుకోవచ్చు. 2025 జనవరిలో మొదలైన మన మిత్ర ద్వారా రాష్ట్ర ప్రభుత్వ సేవలు చాలావరకు వాట్సాప్‌లోనే దొరుకుతున్నాయి, దానికి కొత్త యాప్ అక్కర్లేదు. లైఫ్ సర్టిఫికెట్‌కు ఇంట్లో కొడుకు ఫోనో, మనవరాలి ఫోనో వాడినా చెల్లుతుంది, అందులో చూపించాల్సింది పింఛనుదారు ముఖమే. పీఎం కిసాన్ ఈకేవైసీ కామన్ సర్వీస్ సెంటర్లలో (సీఎస్‌సీ) వేలిముద్రతో కూడా అవుతుంది.